పైడి జైరాజ్ నట జీవితం: ప్రాంతం, భాష, సినిమా చరిత్ర

లక్ష్యాలు

ఈ భాగాన్ని చదివిన తరువాత మీరు:
• 1920లలో హైదరాబాదు సంస్థానంలో సినిమా నిర్మాణం నిలదొక్కుకోకపోవడానికి గల పరిస్థితులను వివరించగలుగుతారు.
• మూకీ నుంచి టాకీకి జరిగిన మార్పు నటుల జీవితాలను ఎలా ప్రభావితం చేసిందో తెలుపగలుగుతారు.
• కథానాయకుడు గుణచిత్ర నటుడిగా మారడం వెనుక ఉన్న కారణాలను విశ్లేషించగలుగుతారు.
• 'తెలుగు సినిమా చరిత్ర', 'సినిమాలో తెలుగువారి చరిత్ర' అనే రెండింటి మధ్య తేడాను గుర్తించగలుగుతారు.

1. పరిచయం

తెలుగు సినిమా చరిత్రను సాధారణంగా 1932 ఫిబ్రవరి 6న విడుదలైన 'భక్త ప్రహ్లాద'తో మొదలుపెడతాం. అక్కడి నుంచి మద్రాసు స్టూడియోల కథ చెప్పుకుని, చివరకు పరిశ్రమ హైదరాబాదుకు తరలిరావడంతో ముగిస్తాం. ఈ వరుసలో ఎక్కడా ఇమడని నటుడు పైడి జైరాజ్. ఆయన 1909 సెప్టెంబర్ 28న నిజాం పాలనలోని కరీంనగర్‌లో తెలుగు కుటుంబంలో జన్మించాడు. మూకీల కాలంలో బొంబాయి చేరి, దాదాపు మూడు దశాబ్దాలు హిందీ చిత్రాల్లో ప్రధాన పాత్రలు ధరించాడు. ఆ తరువాత మరో మూడు దశాబ్దాలు గుణచిత్ర నటుడిగా కొనసాగాడు. 1980 సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం అందుకున్నాడు. తెలుగువారిలో ఆయనకు ముందు ఈ గౌరవం పొందినది బి.ఎన్.రెడ్డి (1974). ఆయన తరువాత ఎల్.వి.ప్రసాద్ (1982) పొందాడు. బి.ఎన్.రెడ్డి, ఎల్.వి.ప్రసాద్ పేర్లు తెలుగు ప్రేక్షకులకు సుపరిచితం. జైరాజ్ పేరు మాత్రం చాలామందికి కొత్తగానే ఉంటుంది.

ఎందువల్ల? ఈ ప్రశ్నకు జవాబు ఒక వ్యక్తి ప్రతిభలోనో అదృష్టంలోనో దొరకదు. ఆయన పుట్టిన ప్రాంతంలోని పరిస్థితులు, ఆయన చదువుకున్న భాషలు, బొంబాయి చిత్ర పరిశ్రమలో వచ్చిన మార్పులు, మన చరిత్ర రచన అనుసరించిన పద్ధతి, ఈ నాలుగింటినీ కలిపి చూసినప్పుడే దొరుకుతుంది.

2. హైదరాబాదు సంస్థానంలో సినిమా

20వ శతాబ్దం మొదటి భాగంలో హైదరాబాదు సంస్థానంలో కళాపోషణకు లోటు లేదు. నిజాంకు లోబడిన గద్వాల, వనపర్తి సంస్థానాలు సంస్కృతాంధ్ర పండితులను, కవులను ఆదరించాయి. 'విద్వద్గద్వాల' అన్న పేరు ఆ విధంగానే వచ్చింది. అయితే సినిమాకు కావలసినవి వేరు. కెమెరా, ముడి ఫిల్ము, ప్రయోగశాల, స్టూడియో, పంపిణీ వ్యవస్థ, వీటన్నిటికీ పెట్టుబడి అవసరం. ఒక రాజు ఇచ్చే వార్షికంతో కవి బతకగలడు గానీ సినిమా పరిశ్రమ బతకదు. దానికి వర్తకుల పెట్టుబడి, పెద్ద మార్కెట్ కావాలి. అవి అప్పుడు బొంబాయి, కలకత్తా, మద్రాసు వంటి రేవు పట్టణాల్లో ఉన్నాయి.

హైదరాబాదులో ప్రయత్నం జరగలేదని అనుకోరాదు. బెంగాల్‌కు చెందిన ధీరేన్ గంగూలీ 1920ల తొలి భాగంలో హైదరాబాదులో 'లోటస్ ఫిల్మ్ కంపెనీ' స్థాపించి మూకీ చిత్రాలు నిర్మించాడు. సినిమాల ప్రదర్శన కూడా చేపట్టాడు. 1924లో ఆయన 'రజియా బేగం' అనే చిత్రాన్ని ప్రదర్శించాడు. అందులో ముస్లిం రాణికి, హిందూ యువకుడికి మధ్య ప్రేమకథ ఉండడంతో నిజాం ప్రభుత్వం ఆగ్రహించి, ఆయనను సంస్థానం విడిచి వెళ్ళవలసిందిగా ఆదేశించింది. గంగూలీ కలకత్తాకు తిరిగి వెళ్ళిపోయాడు. అప్పుడే మొలకెత్తిన చిత్ర నిర్మాణం దీనితో ఆగిపోయింది. పాలకుడి అభీష్టంపై ఆధారపడిన చోట కొత్త పరిశ్రమ ఎంత బలహీనంగా ఉంటుందో ఈ సంఘటన తెలుపుతుంది.

ఇది జరిగిన అయిదేళ్ళకు, సినిమాపై ఆసక్తి గల ఒక హైదరాబాదు యువకుడికి సొంత సంస్థానంలో దారి లేదు. అతడు బయటికి వెళ్ళక తప్పదు.

3. బొంబాయి దారి

బయటికి వెళ్ళాలంటే మద్రాసుకు పోవచ్చు, బొంబాయికి పోవచ్చు. జైరాజ్ 1929లో బొంబాయికి వెళ్ళాడు. దీనికి రెండు నేపథ్యాలను గుర్తించాలి.

మొదటిది వలస. తెలంగాణ నుంచి బొంబాయికి వెళ్ళే దారి సినిమా కంటే చాలా పాతది. నిజాం ప్రాంతం నుంచి వెళ్ళి బొంబాయిలో నిర్మాణ పనులు చేసిన శ్రామికులను కామాటీలు అనేవారు. వారు స్థిరపడిన పేటకు కామాటిపుర అన్న పేరు వారివల్లనే వచ్చింది. 1874లో హైదరాబాదును వాడి జంక్షన్‌తో కలిపిన రైలు మార్గం ఈ ప్రయాణాన్ని సులభం చేసింది. అంతకుముందే, 1871లో, బొంబాయి, మద్రాసు రైలు మార్గాలు రాయచూరు వద్ద కలిశాయి. గద్వాల 1956 వరకు రాయచూరు జిల్లాలో భాగమన్న విషయాన్ని ఇక్కడ గుర్తుంచుకోవాలి. నేటి గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలు జిల్లాల పల్లెల్లో బొంబాయి వలస అన్న మాట తెలియని ఇల్లు ఉండదు. గుంపు మేస్త్రీ చేతి కింద కుటుంబాలకు కుటుంబాలే తరలివెళ్ళిన ప్రాంతమిది.

జైరాజ్‌ను ఈ వలస కూలీలతో సమానం చేయడం సరికాదు. ఆయన తండ్రి ప్రభుత్వోద్యోగి. ఆయన హైదరాబాదు నిజాం కళాశాలలో చదివాడు. కరువు తరిమితే వెళ్ళినవాడు కాదు, కోరికతో వెళ్ళినవాడు. అయినా ఇద్దరి ప్రయాణంలో ఒక పోలిక ఉంది. తాము చేయగల పనికి సొంత ప్రాంతంలో చోటు లేక, ఆ పనిని కొనే నగరానికి ఇద్దరూ వెళ్ళారు.

రెండవది భాష. హైదరాబాదు సంస్థానంలో 1880లలో ఫార్సీ స్థానంలో ఉర్దూ అధికార భాష అయింది. 1918లో స్థాపించిన ఉస్మానియా విశ్వవిద్యాలయం ఉర్దూ మాధ్యమంలో బోధించింది. నిజాం కళాశాల మాత్రం మద్రాసు విశ్వవిద్యాలయానికి అనుబంధంగా ఇంగ్లీషులో బోధించేది. అందువల్ల చదువుకున్న తెలంగాణ యువకుడికి ఇంట్లో తెలుగు, కచేరీలో ఉర్దూ, కళాశాలలో ఇంగ్లీషు అలవడేవి. ఆనాటి తెలుగువారిలో చాలామంది ఉర్దూ ఆధిపత్యాన్ని తమ భాషకు జరిగిన అన్యాయంగా భావించారు. ఆ భావనకు బలమైన కారణాలున్నాయి. అదే ఉర్దూ జైరాజ్‌కు బొంబాయిలో పెట్టుబడిగా మారింది. ఒకే చారిత్రక పరిస్థితి ఒకవైపు అణచివేతగా, మరోవైపు అవకాశంగా పనిచేయడాన్ని మీరు ఇక్కడ గమనించవచ్చు.

మీ ప్రగతిని సరిచూసుకోండి – 1
(అ) ధీరేన్ గంగూలీ హైదరాబాదు విడిచి వెళ్ళడానికి కారణమేమిటి?
(ఆ) జైరాజ్ వలసకు, పాలమూరు శ్రామికుల వలసకు గల పోలికను, తేడాను రెండేసి వాక్యాల్లో రాయండి.

4. మూకీ నుంచి టాకీకి

జైరాజ్ బొంబాయి చేరిన 1929లో అక్కడ తయారవుతున్నవన్నీ మూకీలే. ఆ ఏడాదే 'జగ్‌మగ్‌తీ జవానీ' అనే మూకీలో నటించాడు. 1930లో 'రసీలీ రాణి'తో కథానాయకుడయ్యాడు. మూకీలో నటుడికి ప్రధాన సాధనం శరీరం. గుర్రపు స్వారీ, కత్తియుద్ధం, దూకడం, పరుగెత్తడం వచ్చినవారికి సాహస చిత్రాల్లో గిరాకీ ఉండేది. మంచి శరీర దారుఢ్యం గల జైరాజ్‌కు ఈ అర్హతలు ఉన్నాయి. మూకీ నటుడు ఏ భాష మాట్లాడతాడన్నది ప్రేక్షకుడికి తెలియదు, అవసరమూ లేదు.

1931 మార్చి 14న బొంబాయి మెజెస్టిక్ థియేటర్‌లో 'ఆలం ఆరా' విడుదలతో ఈ స్థితి మారింది. ఇప్పుడు నటుడికి గొంతు కావాలి, ఉచ్చారణ కావాలి, హిందుస్తానీ కావాలి. అమెరికాలోనూ ఇటువంటి మార్పే కొంచెం ముందు జరిగింది. 1927లో 'ది జాజ్ సింగర్' తరువాత హాలీవుడ్ టాకీల వైపు తిరిగింది. తొలి ఆస్కార్ ఉత్తమ నటుడు ఎమిల్ జానింగ్స్ జర్మన్ యాస కారణంగా అక్కడ నిలవలేక స్వదేశానికి వెళ్ళిపోయాడు. బొంబాయిలో మూకీల అగ్రతార సులోచన, అసలు పేరు రూబీ మేయర్స్, హిందుస్తానీ నేర్చుకోవడానికి కొంతకాలం నటనకు దూరంగా ఉండవలసి వచ్చింది.

జైరాజ్‌కు ఆ విరామం అవసరం కాలేదు. 1930ల తొలినాళ్ళలోనే 'షికారీ' వంటి టాకీలలో కనిపించాడు. ఎంతో పేరున్న తారలను ఆపివేసిన గడపను రెండేళ్ళ అనుభవం మాత్రమే గల యువకుడు దాటడానికి హైదరాబాదులో అలవడిన ఉర్దూ ముఖ్య కారణమని చెప్పవచ్చు.

ఇదే కాలంలో బొంబాయిలో ఉన్న మరో తెలుగు యువకుడితో ఆయనను పోల్చి చూడండి. ఏలూరు ప్రాంతం నుంచి వెళ్ళిన ఎల్.వి.ప్రసాద్ 'ఆలం ఆరా', 'కాళిదాస్', 'భక్త ప్రహ్లాద' చిత్రాల్లో చిన్న పాత్రలు వేశాడు. తొలి తెలుగు టాకీ కూడా బొంబాయిలోనే తయారైందని గమనించండి. అయితే తెలుగు చిత్ర నిర్మాణం మద్రాసులో స్థిరపడిన తరువాత ప్రసాద్ అక్కడికి చేరి 'మన దేశం' (1949), 'షావుకారు' (1950), 'మిస్సమ్మ' (1955) వంటి చిత్రాలకు దర్శకత్వం వహించాడు. జైరాజ్ బొంబాయిలోనే ఉండిపోయాడు. అప్పటికే హిందీలో కథానాయకుడిగా స్థిరపడిన ఆయనకు మద్రాసుకు వెళ్ళవలసిన అవసరం కలగలేదు. ఒకే ఊళ్ళో మొదలైన రెండు జీవితాల్లో ఒకటి తెలుగు సినిమా చరిత్రలోకి వచ్చింది, మరొకటి దాని బయట నిలిచిపోయింది.

5. కథానాయకుడి దశ (1930–1963)

ఈ దశను రెండు భాగాలుగా చూడవచ్చు. మొదటి భాగం స్టూడియోల కాలం. అప్పట్లో నటులు నెలజీతానికి స్టూడియోలో పనిచేసేవారు. బాంబే టాకీస్ వాటిలో ప్రముఖమైనది. జర్మన్ దర్శకుడు ఫ్రాంజ్ ఆస్టెన్ ఆ సంస్థకు తీసిన 'భాభీ' (1938)లో జైరాజ్ కథానాయకుడు. దేవికారాణి నటించిన చివరి చిత్రం 'హమారీ బాత్' (1943)లో ఆమె సరసన నటించాడు. 1945లో అదే సంస్థకు 'ప్రతిమ' అనే చిత్రానికి దర్శకత్వం వహించాడు. అందులో కథానాయకుడు అంతకు ముందు ఏడాదే తెరకు పరిచయమైన దిలీప్ కుమార్.

ఈ చివరి విషయం ముఖ్యమైనది. దిలీప్ కుమార్, రాజ్ కపూర్, దేవ్ ఆనంద్‌ల తరం రాగానే నటన తీరు మారింది. సంభాషణ మెల్లగా, సహజంగా పలికే పద్ధతి ఆదరణ పొందింది. స్టూడియోల నెలజీతాల పద్ధతి పోయి, తారలు ఒక్కో చిత్రానికి ఒప్పందం చేసుకునే పద్ధతి వచ్చింది. 1950ల తొలి భాగంలో బాంబే టాకీస్ మూతపడింది. ఏ కొత్త నటుడికి జైరాజ్ దర్శకత్వం వహించాడో ఆ నటుడి తరమే జైరాజ్ తరాన్ని సాంఘిక చిత్రాల నుంచి పక్కకు జరిపింది.

రెండవ భాగం చారిత్రక, జానపద చిత్రాలది. 'హాతింతాయ్' (1956), 'అమర్ సింగ్ రాథోడ్' (1957), 'పృథ్వీరాజ్ చౌహాన్' (1959), 'టిప్పు సుల్తాన్' (1959), 'వీర్ దుర్గాదాస్' (1960) చిత్రాల్లో ఆయన ప్రధాన పాత్రధారి. స్వాతంత్ర్యం వచ్చిన తొలి దశకాల్లో వీరుల కథలకు ఆదరణ ఉండేది. నిండైన విగ్రహం, ఖంగుమనే గొంతు, స్పష్టమైన ఉర్దూ ఈ పాత్రలకు అవసరం. కాలం మారి సాంఘిక చిత్రాల్లో పాతబడిన లక్షణాలే రాజు పాత్రలో అర్హతలయ్యాయి.

1963లో 'చంద్రశేఖర్ ఆజాద్' చిత్రంలో ఆయన ఆజాద్ పాత్ర ధరించాడు. ఆజాద్ 1906లో జన్మించి 1931లో 24 ఏళ్ళ వయసులో అలహాబాదులో పోలీసులతో పోరాడుతూ మరణించాడు. జైరాజ్ ఆజాద్ కంటే మూడేళ్ళు మాత్రమే చిన్నవాడు. అంటే చరిత్రలో తన సమకాలికుడైన ఒక యువకుడి పాత్రను 50 ఏళ్ళు దాటిన వయసులో ధరించాడన్నమాట. కథానాయకుడి దశ ముగింపుకు వచ్చిందనడానికి ఇంతకంటే స్పష్టమైన గుర్తు అవసరం లేదు.

6. గుణచిత్ర నటుడి దశ

కథకు కేంద్రంగా ఉండకుండా, ఒక ప్రత్యేకమైన మనిషిని కళ్ళకు కట్టే పాత్రలు ధరించే నటుడిని గుణచిత్ర నటుడు అంటారు. వాడుకలో క్యారెక్టర్ ఆర్టిస్టు అంటాం. తండ్రి, న్యాయమూర్తి, పోలీసు అధికారి, జమీందారు, వైద్యుడు వంటి పాత్రలు ఈ కోవకు చెందుతాయి. తెలుగులో చిత్తూరు నాగయ్య కథానాయకుడిగా వెలిగి తరువాత తండ్రి పాత్రలకు మారిన తీరు మీకు తెలిసే ఉంటుంది.

ఈ వర్గానికి వృత్తిపరమైన గుర్తింపు మొదట హాలీవుడ్‌లో లభించింది. ఆస్కార్ పురస్కారాల్లో 1936 సంవత్సరపు చిత్రాల నుంచి సహాయ నటుల విభాగం చేర్చారు. వాల్టర్ బ్రెన్నన్ అయిదేళ్ళ వ్యవధిలో మూడుసార్లు, 1936, 1938, 1940 సంవత్సరాలకు, దానిని గెలుచుకున్నాడు. మన దేశంలో ఫిల్మ్‌ఫేర్ పురస్కారాలు 1954లో మొదలై, మరుసటి ఏడాది నుంచి సహాయ నటులనూ గుర్తించాయి.

జైరాజ్ ఈ దశలో అమెరికన్ చిత్రాల్లో కూడా నటించాడు. మార్క్ రాబ్సన్ దర్శకత్వంలో వచ్చిన 'నైన్ అవర్స్ టు రామా' (1963) గాంధీజీ హత్యకు ముందు గంటల కథ. అందులో జైరాజ్ పారిశ్రామికవేత్త ఘనశ్యామ్‌దాస్ బిర్లా పాత్ర ధరించాడు. ఆ చిత్రాన్ని భారత ప్రభుత్వం నిషేధించింది. అంటే ఆయన హాలీవుడ్ పాత్రను సొంత దేశ ప్రేక్షకులు థియేటర్లలో చూసే వీలు లేకపోయింది. తరువాత మెట్రో గోల్డ్విన్ మేయర్ సంస్థ మన దేశంలో చిత్రీకరించిన 'మాయా' (1966)లోనూ నటించాడు. బొంబాయికి ఉర్దూ ఉపయోగపడినట్లే, ఈ చిత్రాలకు నిజాం కళాశాల నాటి ఇంగ్లీషు తోడ్పడి ఉంటుంది.

'షోలే' (1975)లో పోలీసు కమిషనర్‌గా ఆయన కొద్దిసేపు కనిపిస్తాడు. 'డాన్' (1978)లోనూ ఉన్నాడు. 'షోలే' చూసిన కోట్లాది మందిలో, ఆ కమిషనర్ పాత్రధారి ఒకప్పుడు దేవికారాణి సరసన నటించిన కథానాయకుడని, అంతకుముందు మూకీ నటుడని, ఆయన మాతృభాష తెలుగని గుర్తించినవారు తక్కువ. గుణచిత్ర నటుడి జీవితంలో ఉండే వైచిత్రి ఇది. ముఖం అందరికీ తెలుస్తుంది, పేరు కొందరికే తెలుస్తుంది. 2000 ఆగస్టు 11న ఆయన ముంబయిలో మరణించాడు.

మీ ప్రగతిని సరిచూసుకోండి – 2
(అ) 1950లలో జైరాజ్ చారిత్రక చిత్రాల వైపు మారడానికి రెండు కారణాలు తెలపండి.
(ఆ) గుణచిత్ర నటుడు అంటే ఎవరు? మీకు తెలిసిన ఒక ఉదాహరణ ఇవ్వండి.

7. చరిత్ర రచనలో చోటు

ఇప్పుడు మొదటి ప్రశ్నకు తిరిగి వద్దాం. జైరాజ్ తెలుగు సినిమా చరిత్రలో ఎందుకు కనిపించడు? తెలుగు సినిమా చరిత్ర అంటే తెలుగు భాషా చిత్రాల చరిత్ర అని మనం ముందుగానే నిర్ణయించుకోవడం వల్ల. ఆ నిర్వచనం తప్పు కాదు. కానీ తెలంగాణకు దానివల్ల ఒక నష్టం కలిగింది. మద్రాసు రాష్ట్రంలో భాగమైన కోస్తా, రాయలసీమ కళాకారులు సహజంగా మద్రాసుకు చేరి ఆ చరిత్రలో భాగమయ్యారు. ఉర్దూ మాధ్యమం, నిజాం పాలన, బొంబాయి రైలు మార్గం ప్రభావంలో ఉన్న తెలంగాణ కళాకారుడు మరోవైపు వెళ్ళాడు. ఆ నిర్వచనంతో చూసినవారికి తొలినాటి సినిమాలో తెలంగాణవారే లేరనిపించింది.

ఇటువంటి అభిప్రాయాన్ని సాహిత్య రంగంలో ఎదుర్కొన్న ఉదాహరణ మీ ప్రాంతంలోనే ఉంది. 1926లో 'గోలకొండ పత్రిక' స్థాపించి, 1952 ఎన్నికల్లో వనపర్తి నుంచి శాసనసభకు ఎన్నికైన సురవరం ప్రతాపరెడ్డి, తెలంగాణలో తెలుగు కవులే లేరన్న మాటకు సమాధానంగా 1934లో 354 మంది కవులతో 'గోలకొండ కవుల సంచిక' వెలువరించాడు. ఆయన వాదనకు దిగి ఊరుకోలేదు. ఊరూరా సమాచారం సేకరించి, పేర్లు, రచనలు అచ్చువేసి చూపించాడు. విస్మరణకు చరిత్రకారుడు ఇవ్వగల జవాబు అదే.

సినిమా విషయంలో ఈ పని మరింత కష్టం. మన దేశంలో సుమారు 1,300 మూకీ చిత్రాలు తయారైతే మిగిలినవి కొన్ని పదులు మాత్రమే. నైట్రేట్ ఫిల్ముకు సులభంగా నిప్పంటుకునేది. పాత రీళ్ళను వెండి కోసం కరిగించేవారు. పుణెలో జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్ 1964లో గానీ ఏర్పడలేదు. అందువల్ల జైరాజ్ తొలి దశను అధ్యయనం చేయాలంటే పాత పత్రికల ప్రకటనలు, పోస్టర్లు, పాటల పుస్తకాలు, సెన్సార్ రికార్డులు, ఇంటర్వ్యూలు ఆధారం కావాలి.

ఇక్కడ ఒక హెచ్చరిక కూడా అవసరం. ప్రాంతీయ అభిమానంతో జైరాజ్‌ను తెలుగు సినిమా వ్యక్తిగా చిత్రించడం మరో రకమైన పొరపాటు. ఆయన కృషి ప్రధానంగా హిందీ సినిమాది. హైదరాబాదు రవీంద్రభారతిలోని ప్రివ్యూ థియేటర్‌కు ఆయన పేరు పెట్టడం సముచిత గౌరవమే. అయితే పేరు పెట్టడంతో అధ్యయనం పూర్తికాదు. ఆయన వెళ్ళిన దారి ఎందుకు ఏర్పడిందో, ఆ దారిలో ఇంకెవరు వెళ్ళారో తెలుసుకున్నప్పుడే ఆ గౌరవానికి అర్థం ఉంటుంది.

8. సారాంశం

హైదరాబాదు సంస్థానంలో సినిమా నిర్మాణం 1924లో ఆగిపోవడం, ఉర్దూ, ఇంగ్లీషు భాషల చదువు, బొంబాయితో తెలంగాణకు గల పాత సంబంధం, ఇవి జైరాజ్‌ను 1929లో బొంబాయికి చేర్చాయి. టాకీల రాకతో ఉర్దూ ఆయనకు బలమైంది. 1950లలో కొత్త తరం రావడంతో చారిత్రక చిత్రాలకు, 1960లలో వయసు పెరగడంతో గుణచిత్ర పాత్రలకు మారాడు. భాష ఆధారంగా గీసిన చరిత్ర పటంలో ఆయనకు చోటు దొరకలేదు. ప్రాంతం, వలస ఆధారంగా చూస్తే ఆయన జీవితం తెలంగాణ ఆధునిక చరిత్రలో ఒక అధ్యాయంగా కనిపిస్తుంది.

కృత్యం

గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలు ప్రాంతాల్లో మీకు పరిచయమున్న ఇద్దరు పెద్దలను కలవండి. వారు చిన్నతనంలో సినిమాలు ఎక్కడ చూశారు, ఏ భాషా చిత్రాలు చూశారు, బొంబాయి వెళ్ళివచ్చినవారు ఏ కథలు చెప్పేవారు అన్న విషయాలు అడిగి రాసుకోండి. చెప్పినవారి వయసు, మీరు మాట్లాడిన తేదీ తప్పక నమోదు చేయండి. వారు చెప్పిన ఒక విషయాన్నైనా పాత పత్రికతోనో, పోస్టరుతోనో సరిపోల్చి చూడండి.

నమూనా పరీక్ష ప్రశ్నలు

I. కింది ప్రశ్నలకు 30 వాక్యాల్లో సమాధానాలు రాయండి.
1. హైదరాబాదు సంస్థానంలోని రాజకీయ, భాషా పరిస్థితులు పైడి జైరాజ్ నట జీవితాన్ని ఎలా మలిచాయో వివరించండి.
2. జైరాజ్, ఎల్.వి.ప్రసాద్‌ల తొలి జీవితాలను పోల్చి, ఇద్దరిలో ఒకరే తెలుగు సినిమా చరిత్రలో స్థానం పొందడానికి కారణాలను విశ్లేషించండి.

II. కింది ప్రశ్నలకు 10 వాక్యాల్లో సమాధానాలు రాయండి.
1. మూకీ నుంచి టాకీకి మారినప్పుడు నటులు ఎదుర్కొన్న సమస్యలను ఉదాహరణలతో తెలపండి.
2. 'గోలకొండ కవుల సంచిక' అనుసరించిన పద్ధతి సినిమా చరిత్ర రచనకు ఎలా ఉపయోగపడుతుంది?